తెలుగు తెరపై వెన్నెల: మార్కస్ బార్ట్లీ

కొత్తపేట నుండి పలివెల వైపు పౌర్ణమి రాత్రి నడచినవారికి ఒక సంగతి తెలిసియుండును. కొబ్బరితోటలో వెన్నెల అంతటను ఒక్క తీరున పరచుకొనదు. చంద్రుడు తోటకు ఆవల నున్నప్పుడు ఆకుల అంచులు మాత్రము వెండి గీత గీచినట్లు మెరయును. ఆకుల నడుమ భాగము నల్లగా నుండును. కాలువ నీటిమీద వెలుగు ఒక్క చారగా సాగి మన కాళ్ళ దాకా వచ్చును. అదే చంద్రుడు మన వీపు వెనుక నున్నప్పుడు ఆ తోటయే చదునుగా, బూడిదరంగుగా కనిపించును. వెన్నెల అందము చంద్రునిలో ఎంత కలదో, మనము నిలిచిన చోటులోను అంతయే కలదు.

ఈ చిన్న సంగతిని ఎరిగిన ఒక పనివాడు మన తెలుగు తెరకు వెన్నెలను తెచ్చినాడు. ఆయన పేరు మార్కస్ బార్ట్లీ. 'పాతాళభైరవి', 'మిస్సమ్మ', 'మాయాబజార్', 'గుండమ్మ కథ' చూడని తెలుగిల్లు అరుదు. ఆ చిత్రములలో ఎవరు నటించినారో, ఎవరు పాడినారో, ఎవరు మాటలు వ్రాసినారో పిల్లలు సైతము చెప్పగలరు. ఆ ముఖములను మనకు కనబరచిన వెలుగు ఎవరిదని అడిగినచో పెద్దలును తడుముకొందురు. నటుని తెరపై చూచుచున్నాము గనుక మరువము. గాయకుని వినుచున్నాము గనుక మరువము. వెలుగును మాత్రము మనము చూడము, వెలుగులో ఇతరములను చూతుము. అందుచేతనే ఛాయాగ్రాహకుని పేరు అన్నిటికంటె ముందుగా మరపున పడును. ఆ మరపును కొంతైనను తొలగించుటయే మా ఈ ప్రసంగమునకు ఉద్దేశము.

బార్ట్లీ 1917లో ఒక ఆంగ్లో-ఇండియన్ కుటుంబమున జన్మించినారు. తెలుగు ఆయనకు తల్లిభాష కాదు. బాల్యముననే కెమెరా చేతబట్టి, 1935లో, అనగా పదునెనిమిదేండ్ల ప్రాయమున, టైమ్స్ ఆఫ్ ఇండియా పత్రికలో ఛాయాచిత్రకారుడుగా చేరినారు. అటుపిమ్మట వార్తాచిత్రములకు కెమెరామన్‌గా పనిచేసినారు. ఈ తొలి శిక్షణను మనము తేలికగా తీసికొనరాదు. వార్తాచిత్రము తీయువానికి మరల తీయు అవకాశము లేదు. ఊరేగింపు ఒక్కసారియే పోవును, ఓడ ఒక్కసారియే రేవు విడుచును. ఉన్న వెలుగును చూచి, దానికి తగిన కటకమును, దాని ద్వారమును క్షణములో నిర్ణయించుకొనవలెను. వెలుతురును కంటితోనే తూచు అలవాటు అట్టి పనిలో అబ్బును.

1945లో వాహినీ వారి 'స్వర్గసీమ'తో ఆయన కథాచిత్రములలో అడుగిడినారు. దర్శకులు బి. ఎన్. రెడ్డి. అప్పటికి బార్ట్లీ వయస్సు ఇరువది ఎనిమిది. తరువాత 1947లో కె. వి. రెడ్డి 'యోగివేమన', 1949లో 'గుణసుందరి కథ' వచ్చినవి. నాగిరెడ్డి, చక్రపాణి విజయా సంస్థను నెలకొల్పిన పిమ్మట ఆయన ఆ సంస్థకు కన్ను వంటివాడైనారు. 1950లో ఎల్. వి. ప్రసాద్ దర్శకత్వమున 'షావుకారు', 1951లో 'పాతాళభైరవి', 1952లో 'పెళ్ళిచేసి చూడు', 1954లో 'చంద్రహారం', 1955లో 'మిస్సమ్మ', 1957లో 'మాయాబజార్', 1959లో 'అప్పుచేసి పప్పుకూడు', 1961లో 'జగదేకవీరుని కథ', 1962లో 'గుండమ్మ కథ' - ఇవన్నియు ఆయన కెమెరా చూచినవే. దర్శకులు మారినారు, కథలు మారినవి. పల్లెటూరి వీధి నుండి ద్వారకానగరము వరకు చోట్లు మారినవి. కాని ముఖముపై వెలుగు పడు తీరులో ఒక మర్యాద, ఒక స్థిమితము మారలేదు.

ఇంతకును తెరపై వెన్నెల తెచ్చుటలో కష్టమేమి? వెన్నెల రాత్రి కెమెరాను ఆరుబయట పెట్టి తీయరాదా అని అడుగవచ్చును. నిండు పున్నమి వెలుగు మిట్టమధ్యాహ్నపు ఎండలో సుమారు 4 లక్షలవ వంతు మాత్రమే. మన కన్ను కొంతసేపటికి ఆ చీకటికి అలవాటు పడి చూడగలుగును. ఆనాటి ఫిలిమునకు ఆ శక్తి లేదు. నిజమైన వెన్నెలలో తీసినచో తెరపై నల్లని చీకటి తప్ప ఏమియు కనబడదు. కావున తెరపై మనము చూచిన ప్రతి వెన్నెలయు చేసిన వెన్నెలయే.

చేయుటకు మార్గములు రెండు. మొదటిది పట్టపగలు తీసి రాత్రిగా చూపుట. నలుపు తెలుపు ఫిలిముతో తీయునప్పుడు కటకము ముందు ఎర్రని అద్దమును అమర్చినచో నీలాకాశము నల్లబడును. సూర్యుని పాత్రల వెనుకకు వచ్చునట్లు చూచుకొని, ఫిలిముపై వెలుగు తక్కువగా పడనిచ్చినచో, ఎండయే వెన్నెలగా తోచును. రెండవది స్టూడియోలో దీపములతో కల్పించుట. పాత్రల వెనుక, ఎత్తుగా, ఒక బలమైన దీపము చంద్రుని స్థానమున నుండవలెను. అది జుట్టు అంచును, భుజమును, చెంప గీతను వెలిగించును. ముందు వైపు నుండి మరియొక మెత్తని వెలుగు, ముఖము గుర్తుపట్టునంత మాత్రము, పడవలెను. ఆ ముందరి వెలుగు ఒక్క పిసరు హెచ్చినచో అది వెన్నెల కాక పందిరిలోని దీపకాంతి యగును. ఒక్క పిసరు తగ్గినచో నాయిక కన్నులు చీకటి గుంటలగును. ఆ పిసరు ఎంతయో తెలిసికొనుటయే విద్య. కొబ్బరాకు అంచు మెరయుటను గూర్చి మొదట చెప్పినది ఇందుకొరకే. బార్ట్లీ చంద్రుడు సర్వదా తోటకు ఆవలనే ఉండును.

'మాయాబజార్'లోని నౌకావిహారమును తలచుకొందము. ఆ పాటలో ఆరుబయట నీటిమీద తీసిన భాగము కొలదిపాటి. మిగిలినది స్టూడియో కప్పు క్రిందనే నడచినది. పడవ వెనుక మనకు కనబడు దృశ్యము ముందే తీసియుంచిన చిత్రము. పలుచని తెరపై దానిని వెనుక నుండి ప్రదర్శించుచుండగా, తెర ముందు పడవలో నటులు కూర్చుందురు. కెమెరా రెంటిని కలిపి పట్టును. చెప్పుటకు సులువు. వెనుకనున్న ప్రదర్శన యంత్రపు రెప్పయు, ముందున్న కెమెరా రెప్పయు ఒక్కసారే తెరచుకొని ఒక్కసారే మూసికొనవలెను. లేనిచో వెనుకటి దృశ్యము మిణుకుమిణుకుమని చెదరును. నటులపై వేసిన దీపపు కాంతి ఒక్క చుక్క వెనుకటి తెరపై పడినను అక్కడి నది తెల్లబోవును. వెనుక నదిపై వెలుగు ఎడమ నుండి వచ్చుచుండగా పడవలోని చెంపపై కుడి నుండి పడినచో, కారణము చెప్పలేకపోయినను, ప్రేక్షకుని మనస్సు అబద్ధమును పసిగట్టును. ఇన్ని ప్రమాదములు దాటి, ఆ పడవలో జంటలు మారుచున్నను, నీరు ఒక్కటే, వెన్నెల ఒక్కటే అని మనకు తోచినది.

మరియొక సంగతి కలదు. ఈ చిత్రము తమిళమునను ఏకకాలమున తీయబడినది. తెలుగు పడవలో నాగేశ్వరరావు కూర్చున్నచోట తమిళ పడవలో జెమినీ గణేశన్ కూర్చున్నారు. ఒకే వెన్నెలను రెండు భాషలకు రెండుమారులు కాయించవలసి వచ్చినది. ఒకనాడు అనుకోకుండ కుదిరినది మరల కుదరకపోవచ్చును. ఎట్లు కుదిరినదో తెలిసినవానికే రెండవమారు సాధ్యము.

ఇదంతయు ఒక్కని ప్రజ్ఞ అని చెప్పుట న్యాయము కాదు. ద్వారకానగరమునకు బొమ్మల ఇండ్లను కూర్చిన కళాదర్శకులు గోఖలే, కళాధర్ ఉన్నారు. ప్రతి దృశ్యమును ముందుగానే లెక్కగట్టుకొను కె. వి. రెడ్డి ఉన్నారు. ఎత్తైన పలకలపై, మండు దీపముల వేడిలో చెమటలు కక్కుచు దీపము తిప్పిన పేరులేని పనివారు ఉన్నారు. అయినను చిన్న బొమ్మల ఇంటిపై దీపపు నీడ పెద్దదిగా పడినచో అది బొమ్మ అని బయటపడిపోవును. నగరముగా నమ్మించుటకు వెలుగును కూడ బొమ్మకు తగినట్లు చిన్నది చేయవలెను. ఆ బాధ్యత ఛాయాగ్రాహకునిదే.

అయితే బార్ట్లీని వెన్నెలతోనే ముడివేయుట ఆయనకు కొంత అన్యాయము. 'షావుకారు'లో మంత్రములు లేవు, మాయలు లేవు. ఇరుగుపొరుగు ఇండ్లు, ఒక వీధి, ఒక తగవు. అక్కడ వెలుగు పగటి వెలుగు. అరుగుపై పడి గడప దాటి లోపలికి వచ్చుసరికి మెత్తబడు వెలుగు. 'మిస్సమ్మ'లో చందమామను పిలుచు పాటకు వెన్నెల ఉన్నది గాని, అది ద్వారకలోని రాజవనపు వెన్నెల కాదు. కోపతాపముల నడుమ ఒక ఇంటి ముంగిట కాయు వెన్నెల. 'గుండమ్మ కథ'లో నవ్వు ముఖ్యము. నవ్వు పండవలెనన్నచో ముఖములు స్పష్టముగా, నీడలు లేక కనబడవలెను. కథ ఏమి కోరునో అంతమాత్రమే ఇచ్చి తాను తప్పుకొనుట ఆయన గుణము.

మాకొక పాత జ్ఞాపకము. మా చిన్ననాట డేరా హాలులో నేలమీద కూర్చుండి చూచిన పాత ప్రతులలో గీతలు వానచినుకుల వలె పడుచుండెడివి. ప్రదర్శన యంత్రములో వెలుగునకు రెండు బొగ్గు కడ్డీలు ఎదురెదురుగా మండవలెను. అవి కాలి ఎడమైనప్పుడెల్ల ఆపరేటరు వానిని దగ్గరకు జరుపవలెను. అతడు ఏమరినచో తెరపై వెన్నెల మసకబారెడిది; జనము ఈలలు వేసెడివారు; కడ్డీ జరుపగానే నది మరల వెలిగెడిది. మద్రాసులో ఒక మనిషి పిసరు పిసరుగా తూచి చేసిన వెన్నెల, అంత దూరము ప్రయాణము చేసి, ఒక డేరాలోని బొగ్గు కడ్డీల దయపై ఆధారపడి మాకు చేరినది. అట్లు చేరియు నిలిచినది.

నలుపు తెలుపులతో అంత పేరు గడించిన పనివాడు రంగుల కాలము వచ్చినప్పుడు వెనుకబడుట పలుచోట్ల జరిగినదే. బార్ట్లీ వెనుకబడలేదు. 1965లో రాము కరియత్ దర్శకత్వమున వచ్చిన మలయాళ చిత్రము 'చెమ్మీన్'కు ఆయన ఛాయాగ్రాహకులు. తకళి శివశంకర పిళ్ళై నవల దానికి మూలము. జాలరుల కథ, రంగుల చిత్రము, నిజమైన సముద్రతీరము. స్టూడియోలో చంద్రుని తన చేతితో నిలబెట్టుకొన్నవాడు అక్కడ సూర్యుడు పోవు దారిని అనుసరించి పనిచేయవలసి వచ్చినది. కెరటమును ఆగుమన్నచో ఆగదు. వార్తాచిత్రముల నాటి కన్ను ఆ తీరమున తప్పక అక్కరకు వచ్చియుండునని మా ఊహ. ఆ ఏటి ఉత్తమ చిత్రముగా 'చెమ్మీన్' రాష్ట్రపతి స్వర్ణపతకము పొందినది. దక్షిణాది చిత్రములలో ఆ గౌరవము పొందిన మొదటిది అదియే.

1967లో విజయా వారి హిందీ చిత్రము 'రామ్ ఔర్ శ్యామ్'లో దిలీప్ కుమార్ ద్విపాత్రలను ఆయన కెమెరా చూపినది. ఇట్టి దృశ్యములకు కటకములో సగము మూసి ఒక పాత్రను తీసి, ఫిలిమును వెనుకకు త్రిప్పి, రెండవ సగము మూసి మరియొక పాత్రను తీయుట ఆనాటి పద్ధతి. కెమెరా వెంట్రుకవాసి కదలరాదు. దీపములు రెండుమారులును ఒక్కటే తీరున ఉండవలెను. 1969 నాటి తమిళ చిత్రము 'శాంతి నిలయం'కు ఆయనకు రంగుల ఛాయాగ్రహణమున జాతీయ బహుమానము లభించినది. ఛాయాగ్రహణమునకు జాతీయ స్థాయిలో బహుమానము నెలకొల్పినదే 1967 నాటి చిత్రములతో. 'మాయాబజార్' వచ్చిన నాటికి అట్టి బహుమానమే లేదు. పత్రికా కెమెరా పట్టిన 1935 నుండి ఈ చిత్రము వరకు లెక్కించినను ఆయన వృత్తి 34 ఏండ్లు. 1993లో ఆయన కన్నుమూసినారు.

పరభాష వాడు మన తెరకు కన్నుగా మారుట వింత గదా అనవచ్చును. లోకములో ఇట్టి ఉదాహరణములు మరికొన్ని కలవు. బ్రెజిల్ దేశమున 1949లో వెరా క్రూజ్ అను స్టూడియో వెలసినప్పుడు, ఇంగ్లండు నుండి వచ్చిన చిక్ ఫౌల్ అను ఛాయాగ్రాహకుడు అచ్చట స్థిరముగా పనిచేసినాడు. 1953లో కాన్ చిత్రోత్సవమున బహుమానము పొందిన 'ఒ కాంగాసేరో', 1962లో అక్కడనే అగ్రపురస్కారము పొందిన 'ఒ పగదోర్ ది ప్రొమెసాస్' ఆయన కెమెరా పట్టినవే. పోర్చుగీసు మాటాడు దేశపు ఎడారిబాటలను, గుడి మెట్లను ఆ దేశమువారికే మెచ్చునట్లు చూపినవాడు పరదేశి. ముఖమున బాధ ఎక్కడ పొడసూపునో, కన్ను ఎప్పుడు దించుకొనునో తెలిసికొనుటకు చూపు చాలును.

అదే బ్రెజిల్‌లో ఆ స్టూడియో వెలుగుపై తిరుగుబాటు కూడ వచ్చినది. 1963లో 'విదాస్ సెకాస్' అను చిత్రమును కరవు నేలపై, మండుటెండను ఏమాత్రము మెత్తబరుపక తీసినారు. అట్టి మార్పు మనవైపును వచ్చినది. మా కొత్తపేటకు ఎంతో దూరమున కూడ కాదు. బాపు తొలి చిత్రము 'సాక్షి' 1967లో విడుదలైనది. దానిని ఆత్రేయపురము వైపునున్న పులిదిండి గ్రామమున తీసినారు, ఛాయాగ్రాహకుడు సెల్వరాజ్. గోదావరి ఒడ్డు, రేవు, చెట్టునీడ ఉన్నవి ఉన్నట్లుగా తెరకెక్కినవి. నాటినుండి కోనసీమ ఎన్నో చిత్రములకు ఆరుబయటి స్టూడియో అయినది.

అట్లయినచో బార్ట్లీ వెన్నెల అబద్ధము, సెల్వరాజ్ ఎండ నిజము అని చెప్పవలెనా? మేమట్లు తలపము. నిజమైన గోదావరిపై నిజమైన వెన్నెల ఆనాటి ఫిలిముపై పడదు. పడనిదానిని పడునట్లు చేసినవాడు అబద్ధమాడినట్లు కాదు, అనువాదము చేసినట్లు. మన కంటికి తెలిసిన వెన్నెలను ఫిలిము భాషలోనికి మార్చినాడు. అనువాదము మంచిదా కాదా అని తేల్చుటకు ఒకటే పరీక్ష. మూలమెరిగినవాడు దానిని గుర్తుపట్టవలెను. కాలువగట్టున పుట్టి పెరిగిన మేము గుర్తుపట్టినాము.

ఇక మిగిలినది ఒక చింత. 2010లో 'మాయాబజార్'కు రంగులద్ది మరల విడుదల చేసినారు. నలుపు తెలుపు చిత్రములనగానే మొగము త్రిప్పుకొను పిల్లలు ఎందరో దానిని చూచినారు, అది మేలే. కాని బార్ట్లీ ఆ చిత్రమును రంగులకొరకు వెలిగించలేదు. నలుపునకు తెలుపునకు నడుమనున్న బూడిద మెట్లే ఆయన వర్ణములు. చీర రంగు, చెట్టు రంగు కంటికి ముందు తగిలినప్పుడు, జుట్టు అంచున ఆయన నిలిపిన ఆ సన్నని వెండిగీత వెనుకబడును. రంగుల ప్రతి ఉండవచ్చును. దానితోపాటు మూలప్రతి చెడక నిలువవలెను, చూపబడవలెను. పాతశాసనమునకు రంగు పూసి చదివించినను, రాయిని పారవేయము గదా.

మూలప్రతులను కాపాడుట మన ఇండ్లలో జరుగు పని కాదు. మనము చేయగలది ఒకటి కలదు. పాత చిత్రము మొదలగునప్పుడు పేర్లు వచ్చుచుండగా మనము మాటలలో నుందుము. కథ మొదలయిన తరువాత కన్ను త్రిప్పుదుము. ఈసారి 'మాయాబజార్' చూచునప్పుడు పిల్లలను ముందుగా కూర్చుండబెట్టి, ఛాయాగ్రహణము అను మాట ప్రక్కన ఏ పేరున్నదో చదివించుడు. పడవ పాట వచ్చినప్పుడు ముఖములను విడిచి ఒక్క నిముషము జుట్టు అంచులను, భుజములను చూడుమని చెప్పుడు. పౌర్ణమినాడు పెరటిలోనికి తీసికొనిపోయి, చంద్రుడు కొబ్బరిచెట్టుకు ఆవల నుండునట్లు నిలువబెట్టి, ఆకు అంచును చూపుడు. ఆ రెండు వెలుగులకు గల చుట్టరికము వారికి తెలిసినచో, ఆ పేరు వారు మరువరు.